అరణముగా వచ్చిన పట్టణము

మన తెలుగునాట ఆడుబిడ్డను అత్తవారింటికి సాగనంపునపుడు వెంట పంపెడు సొత్తునకు అరణమని పేరు. పాడియావు, పసుపుకుంకుమల క్రింద వ్రాసిన చెక్క పొలము, ఇత్తడి బిందెలు, పందిరిమంచము, బోషాణపు పెట్టె: కలిగినవారు కలిగినంత ఇచ్చుచుండిరి. ఇచ్చువారు మనసార ఇచ్చినంతకాలము అరణము అరణముగనే యుండెను. పుచ్చుకొనువారు వ్రేళ్లు మడిచి లెక్కవేసి అడుగ నారంభించిన నాడది కట్నమయ్యెను. 1961లో శాసనము చేసి నిషేధించినను, నేటికిని పేరు మార్చుకొని మన గుమ్మములలోనికి వచ్చుచునే యున్నది. దానివలన పెండ్లికూతురికి కలుగు అవమానమును గూర్చి మన పెద్దలు ఎంతయో వ్రాసియున్నారు. కాని అరణములో మరియొక పక్షము కలదు. వ్రాసియిచ్చిన పొలమును తరతరములుగా దున్నుచున్న పాలికాపును, 'ఇకమీదట నీ దొర మారుచున్నాడు, నీకు సమ్మతమేనా?' యని యడిగినవారు ఉన్నారా? పొలమునకు నోరు లేదు. పాలికాపునకు నోరున్నను అడుగువారు లేరు.

పొలమునకు బదులు పట్టణమునే అరణముగా నిచ్చినచో ఏమగును? ఇది మేము కల్పించిన ప్రశ్న కాదు. 1661 జూన్ 23వ తేదీని ఇంగ్లండు రాజైన రెండవ చార్లెసునకును, పోర్చుగలు రాజపుత్రి బ్రగాంజా కాథరీనునకును జరుగవలసిన వివాహమునుగూర్చి యొక ఒడంబడిక వ్రాయబడెను. అందు ఇరువది లక్షల క్రూజాదో నాణెములతోడను, బ్రెజిలు, తూర్పుదేశముల వర్తకపు హక్కులతోడను గూడ రెండు రేవుపట్టణములు అరణముగా పేర్కొనబడినవి. ఒకటి మన పడమటి సముద్రపుటొడ్డున నున్న బొంబాయి. రెండవది ఆఫ్రికా ఖండపు వాయవ్యపు కొసను, స్పెయినునకు ఎదురుగా నున్న టాంజియర్. బొంబాయి యేమైనదో మన పాఠశాలలలోని పిల్లలు సైతము చెప్పగలరు. దాని తోబుట్టువు సంగతి మాత్రము మన చరిత్ర పుస్తకములలో ఒక వాక్యమున కూడ కానరాదు. ఏలయన అది ఇంగ్లీషువారు ఓడిపోయి విడిచివచ్చిన కథ. గెలిచిన కథలనే చెప్పుకొనుట జయించినవారికి సహజము. మనమును వారు చెప్పినవానినే నేర్చుకొంటిమి. టాంజియరు చరిత్రను శ్రద్ధతో చదివిన పిమ్మట, బొంబాయి కథకంటె ఇదియే మనకు ఎక్కువ బోధింపగలదని మాకు తోచినది.

ఈ పెండ్లి యేల జరిగినదో ముందు తెలిసికొందము. పోర్చుగలు 1640లో స్పెయిను రాజుల యేలుబడినుండి విడివడినది. స్పెయిను దానిని అంగీకరింపక యుద్ధము సాగించుచుండెను. పోర్చుగలువారికి ఇంగ్లీషు ఓడలును సైనికులును కావలసియుండెను. 1660లో సింహాసనమునకు తిరిగి వచ్చిన చార్లెసునకు అప్పులు మెండు, ఖజానా ఖాళీ. ఆయనకు సొమ్ము కావలసియుండెను. ఇరువురి అవసరములకు నడుమ ఒక కన్నె నిలిచియుండెను. 1662 వసంతమున సాండ్‌విచ్ ప్రభువు పెండ్లికూతును తోడ్కొనిరా లిస్బను నగరమునకు పోగా, ఒప్పుకొన్న సొమ్ములో సగమైన నాణెముగా సిద్ధముగా లేదు. తుదకాయన సగము మొత్తమును, అదియును చాలవరకు చక్కెరగను, ఇతర సరకులుగను, హుండీలుగను స్వీకరించి రాణిని ఓడ నెక్కించుకొనెను. మా యెరుకలోని యొక యింట, మాంగల్యధారణకు ముందు వియ్యంకుడు లోపలి గదిలో కూర్చుండి రావలసిన బాకీని లెక్కించుకొనుచుండగా, పెండ్లికూతురు పీటలమీద తలవంచుకొని వేచియుండుటను మేము కన్నులార చూచితిమి. చక్కెర మూటలను తూచి పుచ్చుకొన్న ఆ రాజవివాహమును చదువునపుడు, రాచకుటుంబమునకును మన వీధికుటుంబమునకును ఈ విషయమున భేదము మిక్కిలి స్వల్పమని తోచి మనసు చివుక్కుమన్నది.

ఇక పట్టణము సంగతి. మధ్యధరా సముద్రము అట్లాంటిక్ మహాసముద్రముతో కలియు జలసంధి, మిక్కిలి ఇరుకైన చోట తొమ్మిది మైళ్లకు మించదు. ఆ వాకిటికి దక్షిణపు ద్వారబంధమువలె నుండు ఊరు టాంజియర్. రోమనుల కాలముననే టింగిస్ అను పేర ప్రసిద్ధి కెక్కినది. పోర్చుగీసువారు 1437లో దీనిని ముట్టడించి ఘోరముగా ఓడిరి. వారి రాజకుమారుడు ఫెర్నాండో బందీయై 1443లో ఫెజ్ నగరపు చెరలోనే మరణించెను. 1471లో మాత్రము ఊరు వారి వశమయ్యెను. అప్పటినుండి మొరాకోవాసులకు ఆ కోటగోడలు తమ యింటి ముంగిట పరులు పాతిన కంచెవలె నుండెను. పోర్చుగీసువారు గోడల లోపల, మూరులు గోడల వెలుపల: రెండు శతాబ్దములకు సమీపముగా ఇట్లే గడచినది.

చార్లెసు మంత్రులకు ఈ యూరి విలువ గొప్పగా కనబడెను. జలసంధిని దాటు ప్రతి యోడను ఇచటినుండి కనిపెట్టవచ్చును. బార్బరీ తీరపు సముద్రపు దొంగలనుండి తమ వర్తకుల నౌకలను కాపాడవచ్చును. ఆఫ్రికా వర్తకమునకు ఇది తలవాకిలి కాగలదు. బొంబాయిమీద వారికి ఇట్టి ఆశ లేకుండెను. ప్రధానమంత్రియైన క్లారెండన్ ప్రభువు బొంబాయి బ్రెజిలునకు దగ్గరలో నున్నదని వ్రాసియుండెననిన, ఆ యరణములో ఏది మణిగా, ఏది గాజుపూసగా ఎంచబడెనో మనము గ్రహింపవచ్చును.

1662 జనవరిలో, పోర్చుగీసు దండొకటి కోట దాటి పశువులను తోలుకొనివచ్చుటకై పోయి మూరుల చేతిలో చావుదెబ్బ తినెను. ఆ దిగులులో ఊరివారు సాండ్‌విచ్ ప్రభువు నావికులను లోపలికి రానిచ్చిరి. ఆ నెలాఖరున మొదటి గవర్నరుగా పీటర్‌బరో ప్రభువు సైన్యముతో దిగెను. తరతరములుగా అచట కాపురమున్న పోర్చుగీసు కుటుంబములలో చాలమంది ఇంగ్లీషు ప్రొటెస్టెంటుల యేలుబడిలో నుండనొల్లక ఓడలెక్కి వెడలిపోయిరి. ఇచ్చినవారి ప్రజలకే ఈ దానము ఇష్టము లేకపోయెను. ఇక చుట్టుప్రక్కల పల్లెలలోని మొరాకో ప్రజలను అడుగుట మాట యెవ్వరికిని తోచనే లేదు. పోర్చుగలు రాజు తనదని యిచ్చెను. ఇంగ్లండు రాజు తనకు వచ్చెనని పుచ్చుకొనెను. దస్తావేజు సరిగా నున్నది. భూమి మాత్రము ఆ దస్తావేజును చదువలేదు.

ఆ కాలమున మొరాకోలో సాదీ వంశము 1659లో అంతరించి, దేశము పలువురు నాయకుల చేతులలో చీలియుండెను. ఉత్తరప్రాంతమున ఘైలాన్ అను నాయకుడు బలవంతుడు. కోటలోని దండునకు గడ్డి కావలెనన్నను, కట్టెలు కావలెనన్నను గోడ దాటవలయును. దాటిన ప్రతి పర్యాయమును పొదలలో ఘైలాను మనుష్యులు పొంచియుండిరి. కత్తి పట్టినవాడు కాపుండగా కొడవలి పట్టినవాడు గడ్డి కోయవలెను. తినుటకు తిండి ఇంగ్లండునుండియు, స్పెయినునుండియు ఓడలలో రావలెను. 1664 మే 4వ తేదీని గవర్నరు టివియట్ ప్రభువు, వెలుపలి గుట్టమీది పొదలను నరికింప దండుతో బయలుదేరి, మాటున పొంచియున్నవారి నడుమ చిక్కి, నాలుగు వందలకు పైబడిన సైనికులతో గూడ హతుడయ్యెను. పొదలు నరుకుటకై ఒక గవర్నరును, అంతటి సైన్యమును పోగొట్టుకొన్న రాజ్యమును రాజ్యమని యెట్లనగలము? 1666లో ఘైలానుతో సంధి కుదిరినది. కాని కొలదికాలములోనే అలవీ వంశపు సుల్తానులు ఘైలానును అణచివైచి దేశము నేకము చేయసాగిరి; సంధి చేసికొన్నవాని బలమే నశించెను.

ఈ గోడల నడుమ నుండియు, గోడ కవతలివారిని తెలిసికొనవలెనని ప్రయత్నించిన యొక మనుష్యుని పేరు చెప్పకుండ సాగుట న్యాయము కాదు. ఆయన పేరు లాన్సలాట్ అడిసన్. సైన్యమునకు మతాచార్యుడుగా 1662 మొదలు 1670 వరకు టాంజియరులో నుండెను. ఆయన మూరుల ఆచారములు, పెండ్లిండ్లు, చదువులు, రాజకీయములు విచారించి 1671లో పడమటి బార్బరీనిగూర్చి యొక పుస్తకము ప్రకటించెను. పిమ్మట ఆ దేశపు యూదుల జీవనమునుగూర్చి మరియొకటి వ్రాసెను. తన మతమే యధికమను నమ్మకము ఆయనకు లేకపోలేదు. అయినను, మనము అనాగరికులందుమే వారిలో మనకంటె మేలైన కట్టుబాట్లు కొన్ని కలవని చెప్పుటకు ఆయన వెనుదీయలేదు. ఆయన ఇంగ్లండునకు తిరిగిపోయిన పిమ్మట 1672లో పుట్టిన కుమారుడే జోసెఫ్ అడిసన్. 'స్పెక్టేటర్' పత్రికతో ఇంగ్లీషు వ్యాసమునకు రూపము నిచ్చినవాడు. ఆ 'స్పెక్టేటర్' ఒరవడియే మన పానుగంటి లక్ష్మీనరసింహారావుగారి 'సాక్షి' వ్యాసములకు ప్రేరణమని చదువరులెల్లరు నెరుగుదురు. తండ్రి పరదేశపు గోడమీదినుండి మనుష్యులను పరికించెను. కుమారుడు తన నగరపు వీధులలో పరికించెను. ఆ పరికింపు ఎట్టులో మన యింటికిని చేరినది. ఫిరంగులు కూలినవి, కోట కూలినది. ఈ యొక్క అలవాటు మిగిలినది.

టాంజియరులో ఇంగ్లీషువారి ఆశలన్నియు ఒక రాతికట్టమీద పెట్టుకొనిరి. ఊరి యెదుటి సముద్రము అగాధమైనదే కాని గాలివానకు ఓడలకు దాపు లేదు. అందుచే సముద్రములోనికి గొప్ప కట్ట పోయించి, దాని చాటున యుద్ధనౌకలు నిలుపవలెనని తలచిరి. దీనిని వారు మోల్ అనిరి. 1663లో లాసన్, టివియట్, ఛొల్మ్‌లీ అను మువ్వురు ఘనగజమునకు 13 షిల్లింగుల వంతున గుత్తకు పుచ్చుకొనిరి. ఛొల్మ్‌లీ తన స్వస్థలమైన విట్బీనుండి రాతిపనివారిని పిలిపించెను; వారు రాళ్లు కొట్టిన తావునకు గూడ విట్బీయనియే పేరు పెట్టుకొనిరి. పరదేశమున పుట్టినయూరి పేరు పెట్టుకొని మురియుట మానవస్వభావము. కట్ట పెరిగినకొలదిని తుపానులు దానిని కొరికివైచెను. పిమ్మట షియర్స్ అను ఇంజనీరు, జెనోవావారి పద్ధతి ననుసరించి, పెద్ద కొయ్యపెట్టెలను రాతితోను సున్నముతోను నింపి నీట ముంచి కట్టను గట్టిపరచెను. ఇరువది యేండ్ల శ్రమకు 1,436 అడుగుల కట్ట నిలిచినది. అయిన వ్యయము 3,40,000 పౌనులని లెక్క.

ఈ ధనము వెళ్లిన దారులను చూపు అద్దమొకటి మనకు దొరికినది. శామ్యూల్ పీప్స్ అను నౌకాశాఖ యుద్యోగి 1660 మొదలు 1669 వరకు సంకేతలిపిలో రహస్యముగా దినచర్య వ్రాసికొనెను. ఆయన 1662లో టాంజియరు వ్యవహారముల సంఘమున సభ్యుడై, 1665లో దానికి కోశాధికారి యయ్యెను. సైన్యమునకు తిండి పంపు గుత్తేదారులనుండి తానెన్ని బహుమానములు పుచ్చుకొనెనో ఆయన తన చేతితోడనే వ్రాసికొనెను. తాను చేయునది రాజునకు నష్టము కాదని యొకచోట సమాధానపడును. మరియొకచోట దేవునికి కృతజ్ఞత తెలుపును. లంచము పుచ్చుకొను బుద్ధిమంతుని మనస్సు ఎట్టులుండునో తెలిసికొనగోరువారికి ఇంతకంటె మేలైన గ్రంథము లేదు. ఇంతకును ఆయన ఆ యూరిని అప్పటికి చూచి యెరుగడు. లండనునందలి బల్లచుట్టు కూర్చున్నవారికి టాంజియరు ఒక లెక్కల పుస్తకము; గోడలమీద కావలి కాయు సైనికునకది నెలలకొలది, ఒక్కొక్కప్పుడు అంతకంటె పెక్కుకాలము, జీతము రాని చెరసాల. ఓర్వలేక కొందరు గోడ దిగి మూరులలో చేరి వారి మతమును స్వీకరించిరి.

రాజ్యాంగపు అలంకారములకు మాత్రము లోటు లేకుండెను. ఊరిని పన్నులు లేని స్వేచ్ఛారేవుగా ప్రకటించిరి. 1668లో నగరసభ నేర్పరచి, లండనులోవలెనే మేయరును, ఆల్డర్‌మెనులను నియమించిరి. ప్రసిద్ధ చిత్రకారుడు హోలర్ 1669లో వచ్చి కోటలను, కట్టను, గుట్టలను గీసెను. ఆ చిత్రముల ప్రతులను మేము చాలసేపు చూచితిమి. కోటలు, బురుజులు, టోపీలు పెట్టుకొన్న దొరలు, ఎగురు జెండాలు: అన్నియు చక్కగా నున్నవి. కాని గోడ దాటిన పిమ్మట ఒక బండిబాట గాని, కాయగూరలు తట్టలో పెట్టుకొని వచ్చు పల్లెపడుచు గాని మాకు కానరాలేదు. పల్లె నడిచి రాని పట్టణము పట్టణమగునా? ఎన్ని సనదులు వ్రాసినను సంత పుట్టదు. ప్రక్కనే స్పెయినులో కాడిజు రేవు ఉండగా, వెనుక నేల శత్రువులదైన ఈ రేవునకు వర్తకులు రాలేదు.

1672లో మౌలాయ్ ఇస్మాయిల్ మొరాకో సుల్తానయ్యెను. ఆయన సాధువు కాడు. మెక్నెస్ నగరపు కట్టడములకై వేలకొలది క్రైస్తవబందీలను బానిసలుగా వాడుకొన్న కఠినుడు. ఇంగ్లీషువారిని నిందించుటకై ఆయనను పొగడుట సత్యమునకు ద్రోహము. కాని పరులు తన వాకిట నిలిచియుండుటను సహింపని రాజు. 1680లో ఆయన సైన్యము కందకములు త్రవ్వి, సొరంగములలో మందు పెట్టి వెలుపలి కోటల నొక్కొక్కటిగా తెగనరికినది. ఛార్లెసు కోటలో చిక్కినవారు పట్టణముతో దూరపు బాకాలద్వారా కేకవేసి మాటలాడవలసి వచ్చినపుడు ఐరిషు భాషలో మాటలాడిరట. ఏలయన మూరుల పక్షమున చేరిపోయిన ఇంగ్లీషు సైనికులు ఇంగ్లీషును గ్రహింతురు. స్వదేశమున ఏ భాషను మొరటు భాషయని యీసడించిరో, ఆ భాషయే ఆపదలో వారి రహస్యమును కాపాడెను. 1680 అక్టోబరు చివర కోటలోని దండు వెలికిదూకి గెలిచి, సంధి సంపాదించినది. 1682లో మొరాకో రాయబారి మహమ్మద్ బెన్ హద్దూ లండనునకు వచ్చి, తన మర్యాదచేతను, గుఱ్ఱపుస్వారి నేర్పుచేతను నగరవాసులను ముగ్ధులను చేసెను. 'అనాగరికు'ని చూడవచ్చినవారు సభ్యతను నేర్చుకొని యిండ్లకు పోయిరి. అయినను రాయబారి చేసిన సంధిని సుల్తాను అంగీకరింపలేదు.

ఇంతలో ఇంటిపోరు ముదిరినది. కాథలిక్కైన రాజసోదరుడు జేమ్సు సింహాసనమునకు రాకుండ శాసనము చేసిననే గాని టాంజియరునకు కాసైన ఈయమని ఇంగ్లీషు ప్రజాసభ 1680లో పట్టుపట్టెను. అచటి సైన్యములో కాథలిక్కులు చేరి యున్నారనియు, రాజు ఆ సైన్యమును తమమీదికే త్రిప్పవచ్చుననియు సభ్యులకు భయము. చార్లెసు తమ్ముని విడువలేదు. పట్టణమును విడుచుటకు నిశ్చయించెను. పెండ్లినాడు ఊరినడుగక పుచ్చుకొన్నట్లే, ఇప్పుడు ఊరినడుగక వదలివేసెను. 1683లో డార్ట్‌మత్ ప్రభువు రహస్యపు టుత్తరువుతో ఓడలను నడిపించెను. వెంటపోయిన పీప్సునకు సైతము ఓడలు కదలినపిమ్మట గాని ఆ పని యేమో తెలియదు. ఏండ్ల తరబడి ఏ యూరి లెక్కలు వ్రాసెనో, ఆ యూరిని ఆయన మొదటిసారి చూచినది, కూల్చుటకు ముందు ఇండ్లకు వెల కట్టుటకై పోయినప్పుడు. గవర్నరు కర్కు అధికారములో నిండిన దుర్మార్గమును, త్రాగుడును, దౌర్జన్యమును చూచి ఆయన రోసి వ్రాసెను. తన బల్లమీది కాగితములకును ఈ దృశ్యమునకును గల సంబంధమును ఆయన ఎంతవరకు గ్రహించెనో మనము చెప్పజాలము.

కూల్చుట కట్టుటవలెనే కష్టమయ్యెను. కట్టను నిలిపిన షియర్సే దానిని పగులగొట్టు పనికిని పూనుకొనవలసి వచ్చెను. తుపానులకు నిలువవలెనని తాను గట్టిపరచినదంతయు మందుగుండునకును నిలిచి మొరాయించినది. నెలలకొలది సైనికులు, నావికులు రాళ్లు దొర్లించి రేవును పూడ్చిరి, కోటలను ప్రేల్చిరి. 1684 ఫిబ్రవరి మొదటి వారమున కడపటి ఓడలు కదలగా, మూరులు ఆ శిథిలములలోనికి ప్రవేశించిరి. ఇరువదిరెండేండ్ల యేలుబడికి మిగిలినది పాటునాడు నీటిపైకి తేలు రాళ్లు. వెనుదిరిగిన కర్కు సేన మాత్రము ఊరకుండలేదు. 1685లో ఇంగ్లండు పశ్చిమప్రాంతమున తిరుగుబాటు రేగినపుడు అదే సేన, పరదేశమున అలవడిన క్రౌర్యమును సొంతదేశపు రైతులపై చూపి అపకీర్తి గడించెను. పొరుగువాని దొడ్డిలో పెంచిన కుక్క తుదకు ఇంటివారినే కరచినది.

ఇక, మా మనస్సును చాలకాలము పట్టియుంచిన ప్రశ్నను చదువరుల ముందు పెట్టుచున్నాము. ఒకే రాజు, ఒకే దస్తావేజు, ఒకే అరణము. మణి యనుకొన్న టాంజియరు ఇరువదిరెండేండ్లకు రాలిపోయెను. గాజుపూస యనుకొన్న బొంబాయి నిలిచి సామ్రాజ్యమున కొక మూలస్తంభమయ్యెను. బొంబాయి ఆరంభము మాత్రము శుభముగా నుండెనా? 1662లో వచ్చిన షిప్‌మన్ దొరకు పోర్చుగీసు ప్రతినిధి ఊరిని అప్పగింపనే లేదు. ఆయనయు, ఆయన సైనికులలో చాలమందియు అంజదీవియను దీవిలో జ్వరములకు మరణించిరి. మిగిలినవారికి 1665లో గాని ఊరు దక్కలేదు. 1668లో రాజు దానిని ఏడాదికి పది పౌనుల శిస్తుకు కంపెనీకి వదలించుకొనెను. అట్టిది ఎట్లు నిలిచినది?

ఇంగ్లీషువాడు ఇచట ధీరుడును, అచట పిరికివాడును కాడు. టాంజియరున గోడమీద చచ్చినవారు బొంబాయిలో చచ్చినవారికంటె తక్కువ ధైర్యవంతులు కారు. భేదము వారిలో లేదు. గోడ కవతలివారిలో నున్నది. మన తీరమున చెన్నపట్టణమునే చూడుడు. 1639లో దామెర్ల వేంకటాద్రి నాయకుడు తానై పిలిచి చోటిచ్చెను. నాయకుని తండ్రి చెన్నప్ప పేరనే ఊరు వెలసినది. టాంజియరు ముట్టడి జరిగిన ఆ 1680లోనే మరణించిన కాశీవీరన్న అను మన తెలుగు సెట్టి, కంపెనీకి ప్రధానవర్తకుడై, పల్లెపల్లెనుండి నేతగుడ్డలను రప్పించి వారి గిడ్డంగులు నింపెను. 1611 నుండి మచిలీపట్టణమునను ఇట్టిదే జరుగుచుండెను. టాంజియరునకు రాని బండిబాట ఇచట వచ్చినది. అచట గడ్డిమోపునకు గవర్నరు ప్రాణమీయవలసి రాగా, ఇచట బియ్యము, బట్ట, అప్పు, దుబాసీ, సిపాయి అన్నియు గుమ్మము ముందరికే వచ్చినవి.

మా మాటలను అపార్థము చేసికొనవలదు. వర్తకము చేయుట పాపము కాదు. పరదేశితో బేరమాడుట ద్రోహము కాదు. మొరాకోవారును పిమ్మట బేరమాడిరి. 1704లో ఇంగ్లీషువారు జలసంధి కావలి యొడ్డున జిబ్రాల్టరును పట్టుకొన్న పిమ్మట, దాని సైన్యమునకు కావలసిన మాంసము, ధాన్యము టాంజియరు, టెటువాను ప్రాంతములనుండియే వెలకు పోయెను. ఫిరంగితో దొరకనిది రొక్కముతో దొరకెను. భేదమెచటనన, మొరాకోవారు తలుపు గడియను తమ చేతిలో నుంచుకొని సరకు అమ్మిరి. మనవారు సరకుతో గూడ గడియనుగూడ అప్పగించిరి. కాశీవీరన్నకు తాను చేయుచున్నది లాభసాటి బేరముగనే తోచియుండును. ఆయన వంటివారిని నేడు మనము తిట్టి ప్రయోజనము లేదు. మన మునిమనుమలు మనలనుగూర్చి యేమందురో యని చింతించుట మేలు.

కాథరీను సంగతి చెప్పక ముగించుట తగదు. పెండ్లియైన కొలదినాళ్లకే, భర్త తన ఉంపుడుగత్తెను రాణికి పరిచారికగా నియమించి, ఆమె ముక్కునుండి నెత్తురు కారునంతటి దుఃఖమున ముంచెను. ఆమెకు బిడ్డలు నిలువలేదు. 1678లో, ఆమె రాజునకు విషము పెట్ట తలచెనని దుర్మార్గుడొకడు అభాండము వేసెను. రాజు దానిని నమ్మకపోవుటయే ఆమెకు దక్కిన మేలు. తన వెంట వచ్చిన పట్టణము కూల్చబడునాటికి ఆమె ఇంగ్లండునందే యుండెను. ఆమె యభిప్రాయమును ఎవరైన అడిగినట్లు మేమెచటను చదువలేదు. భర్త పోయిన పిమ్మట పుట్టినింటికి మరలిపోయి, తమ్ముడైన పెడ్రో రాజునకు మారుగా రాజ్యప్రతినిధియై సమర్థతతో నడపి, 1705లో మరణించెను. రాజ్యమేలదగిన స్త్రీని చక్కెర మూటలతోడను ఊళ్లతోడను గూడ తూచి యిచ్చిరి. ఆమె విలువ ఆ తక్కెడకు తెలియలేదు.

తల్లులారా, తండ్రులారా, మీ బిడ్డలకు చరిత్ర చెప్పునపుడు, ఎవరు ఎవరికి ఏయే దేశము నిచ్చిరను మాట వచ్చినచోట ఒక్క నిమిషమాగి, 'అచటివారిని అడిగిరా?' యని వారిచేత ప్రశ్నింపజేయుడు. ఆ ప్రశ్న నోటికి అలవడిన పిల్లవాడు రేపు తన పెండ్లిమాటలు జరుగునాడు, పీటలమీద తలవంచుకొని కూర్చున్న పిల్లనుగూర్చియు దానినే అడుగును. పొలము వ్రాసియిచ్చునాడు పాలికాపునుగూర్చియు అడుగును. ఇంటిలో అడుగనేర్చినవాడే లోకములోను అడుగగలడు.